నేరానికి తగిన శిక్ష



బెంగళూరు నగరానికి తూర్పు వాకిలి కె.ఆర్.పురం. కుప్పం, బంగారుపేట, మాలూరు వైపు నుంచి వచ్చే రైళ్లు ఎన్నో అక్కడ ఆగుతాయి. కోలారు, ముళబాగిలు, చింతామణి, పలమనేరు, మదనపల్లెల నుంచి వచ్చే బస్సులు పాత మద్రాసు రోడ్డు మీదుగా ఆ ఊరు దాటే నగరంలోకి వెళతాయి. తాపీ పనికి వెళ్లే మేస్త్రీ మొదలుకొని కంపెనీ ఉద్యోగానికి వెళ్లే కుర్రవాడి దాకా, మన సరిహద్దు జిల్లాల తెలుగువారిలో ఎందరికో అది దిగే చోటు, అద్దెకు ఉండే చోటు, బతుకుతెరువు వెతుక్కునే చోటు. ఇంతమంది కలిసే చోట తగవులు తప్పవు, నేరాలూ జరుగుతాయి. మన ఊళ్లో అయితే చిన్న తగవును రచ్చబండ దగ్గర పెద్దమనుషులు సర్దేస్తారు. పట్నంలో అది నేరుగా పోలీసు స్టేషనుకు, అక్కడి నుంచి కోర్టుకు పోతుంది. అందువల్ల ఏ నేరానికి ఎంత శిక్ష, ఆ శిక్షను ఎలా నిర్ణయిస్తారు, శిక్ష పడకముందే మనిషి జైల్లో మగ్గిపోకుండా చట్టం ఇచ్చిన దారులేమిటి అనే విషయాలు ఈ పూట ముచ్చటించుకుందాం.

రాష్ట్రం దాటితే చట్టం మారుతుందేమోనని కొందరికి అనుమానం. కోర్టులో భాష మారుతుంది, స్టేషను బోర్డు మీద లిపి మారుతుంది. కాని దొంగతనం, దెబ్బలాట, మోసం, హత్య వంటి ముఖ్యమైన నేరాలకు కుప్పంలోనూ కె.ఆర్.పురంలోనూ వర్తించేది ఒకే చట్టం. 1860లో చేసిన ఇండియన్ పీనల్ కోడ్ స్థానంలో 2024 జులై 1 నుంచి భారతీయ న్యాయ సంహిత అమలులోకి వచ్చింది. సెక్షన్ల సంఖ్యలు మారాయి. మోసగాణ్ణి ‘ఫోర్ ట్వంటీ’ అనే అలవాటు మన నాలుక మీద మిగిలింది గాని, కొత్త చట్టంలో మోసం 318వ సెక్షన్‌కు చేరింది. హత్యకు శిక్ష చెప్పే 302వ సెక్షన్ 103 అయింది. అయితే 2024 జులై 1కి ముందు జరిగిన నేరాలకు పాత చట్టమే వర్తిస్తుంది.

ఈ చట్టంలో శిక్షలు ఆరు రకాలు. మరణశిక్ష, యావజ్జీవ కారాగార శిక్ష, నిర్ణీత కాలం జైలు, ఆస్తి జప్తు, జరిమానా, సమాజ సేవ. జైలు శిక్షలో మళ్లీ రెండు తరహాలు. కఠిన కారాగారం అంటే జైల్లో పని చేయాలి. సాధారణ కారాగారం అంటే నిర్బంధమే గాని పని చేసి తీరాలన్న నిబంధన ఉండదు. సమాజ సేవ కొత్తగా చేరిన శిక్ష. ఉదాహరణకు తాగి వీధిలో పడి పదిమందికి ఇబ్బంది కలిగించినవాడికి 24 గంటల వరకు సాధారణ జైలు, లేదా వెయ్యి రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ, లేదా సమాజ సేవ విధించవచ్చు. జైలుకు పంపి చెడగొట్టడం కంటే పదిమందికీ పనికొచ్చే పని చేయించడం మేలని దీని ఉద్దేశం.

ఇక నేరాన్ని బట్టి శిక్ష ఎలా మెట్లు ఎక్కుతుందో చూద్దాం. ఒక సెల్‌ఫోనునే తీసుకుందాం. రైల్వే ప్లాట్‌ఫారం మీద బల్లపై పెట్టి మరిచిన ఫోను ఒకడు ఎత్తుకుపోయాడనుకోండి. అది మామూలు దొంగతనం. మూడేళ్ల వరకు జైలు, లేదా జరిమానా, లేదా రెండూ. ఆ ఫోను విలువ ఐదు వేల రూపాయలకు లోపు ఉండి, నేరం రుజువు కావడం అతనికి మొదటిసారి అయి, సొమ్ము తిరిగి ఇచ్చేస్తే సమాజ సేవతో సరిపోతుంది. రెండోసారి దొరికితే మాత్రం కనీసం ఏడాది, అత్యధికంగా ఐదేళ్ల కఠిన కారాగారం. అదే ఫోను నడిచిపోతున్న మనిషి చేతిలోంచి లాక్కుని పరుగెత్తితే అది స్నాచింగ్. కొత్త చట్టం దీన్ని ప్రత్యేక నేరంగా పేర్కొంది. మూడేళ్ల వరకు జైలు, దానితోపాటు జరిమానా. అదే ఫోను రైలు పెట్టెలోనో బస్సులోనో కాజేస్తే ఏడేళ్ల వరకు పడవచ్చు. కత్తి చూపించి, చంపుతానని బెదిరించి లాక్కుంటే అది దోపిడీ. పదేళ్ల వరకు కఠిన కారాగారం. ఆ దోపిడీ పొద్దు గూకిన తర్వాత, తెల్లవారకముందు, పెద్ద రోడ్డు మీద జరిగితే 14 ఏళ్ల వరకు వెళ్లవచ్చు. ప్రాణాంతకమైన ఆయుధం వాడినవాడికి ఏడేళ్లకు తగ్గకుండా పడుతుంది. అయిదుగురో అంతకు మించో కలిసి చేస్తే అది బందిపోటు దోపిడీ. అందులో ప్రతి ఒక్కరికీ యావజ్జీవమో, పదేళ్ల వరకు కఠిన కారాగారమో విధించవచ్చు. ‘నేను పక్కన నిలబడ్డానంతే, చేయి వేయలేదు’ అన్న మాట అక్కడ చెల్లుబాటు కావడం కష్టం. చూశారా, పోయిన వస్తువు ఒక్కటే. దాన్ని తీసుకున్న తీరును బట్టి సమాజ సేవ దగ్గర నుంచి యావజ్జీవం దాకా దూరం పెరిగింది. చట్టం సొమ్ము ధరను మాత్రమే కాదు, మనిషిని ఎంత భయపెట్టారు, ఎంత గాయపరిచారు అన్నదాన్ని తూకం వేస్తుంది.

దెబ్బలాటలోనూ అంతే. ఒకే వాటారంలో అద్దెకున్నవారు నీళ్ల కొళాయి దగ్గర మాటామాటా అనుకుని చేయి చేసుకుంటే ఏడాది వరకు జైలు, లేదా పదివేల వరకు జరిమానా. ఎముక విరిగినా, పన్ను విరిగినా చట్టం దృష్టిలో అది తీవ్ర గాయం. అలాంటి గాయం తగులుతుందని తెలిసి కొడితే ఏడేళ్ల వరకు. తీవ్ర గాయం కత్తితోనో అటువంటి ఆయుధంతోనో చేస్తే ఏడాదికి తగ్గకుండా, పదేళ్ల వరకు, లేదా యావజ్జీవం. చిన్న గాయం కేసులో దెబ్బ తిన్నవారు ఇష్టపడితే రాజీ చేసుకోవచ్చు. దోపిడీ, హత్య వంటి కేసుల్లో ఇరుపక్షాలూ కూడబలుక్కున్నా రాజీ కుదరదు. అవి సమాజం మొత్తం మీద జరిగిన నేరాలుగా చట్టం భావిస్తుంది.

రోడ్డు ప్రమాదం సంగతి. అజాగ్రత్తగా బండి నడిపి ఒకరి ప్రాణం పోవడానికి కారణమైతే ఐదేళ్ల వరకు జైలు, జరిమానా. ప్రమాదం చేసి చెప్పకుండా పారిపోతే పదేళ్లు అనే భాగం కూడా చట్టంలో రాశారు. కాని లారీ డ్రైవర్ల ఆందోళన తర్వాత, 2024లో మిగతా చట్టం అమలులోకి తెచ్చినప్పుడు ఆ భాగాన్ని పక్కన ఉంచారు. తల్లిదండ్రులు గుర్తుంచుకోవలసిన మాట మరొకటి ఉంది. పద్దెనిమిదేళ్లు నిండని పిల్లవాడి చేతికి బండి ఇచ్చి, వాడు మోటారు వాహనాల చట్టం కింద నేరం చేస్తే, 2019 సవరణ ప్రకారం తండ్రికో, సంరక్షకుడికో, బండి యజమానికో మూడేళ్ల వరకు జైలు, పాతికవేల రూపాయల జరిమానా పడవచ్చు. ఆ పిల్లవాడికి 25 ఏళ్లు వచ్చేదాకా లైసెన్సు ఇవ్వరు. ముద్దు చేసి ఇచ్చిన తాళంచెవి ఇంటిల్లిపాదికీ సంకెల అవుతుంది.

ఇంతవరకు నేను ‘మూడేళ్ల వరకు’, ‘ఏడేళ్ల వరకు’ అని ఎన్నిసార్లు అన్నానో గమనించారా? ఆ ‘వరకు’ అనే మాటలోనే న్యాయమంతా ఉంది. చట్టంలో రాసినది పై హద్దు. ఆ హద్దు లోపల ఎంత అన్నది న్యాయమూర్తి నిర్ణయిస్తారు. అయితే కొన్ని చట్టాల్లో కింది హద్దు కూడా గట్టిగా ఉంటుంది. అక్కడ న్యాయమూర్తికి జాలి కలిగినా చేయగలిగింది తక్కువ. మన పిల్లలకు ముఖ్యంగా చెప్పవలసినది గంజాయి విషయం. ‘ఈ సంచీ కె.ఆర్.పురంలో దింపితే చాలు, ఖర్చులకు ఇన్ని వేలు ఇస్తాం’ అని ఎవరైనా అంటే ఆ సంచీ ముట్టుకోకూడదు. మాదకద్రవ్యాల చట్టంలో శిక్ష బరువును బట్టి ఉంటుంది. కిలో వరకు అయితే ఏడాది వరకు జైలు, లేదా పదివేల వరకు జరిమానా, లేదా రెండూ. కిలోకు పైన, 20 కిలోల లోపు అయితే పదేళ్ల వరకు, లక్ష రూపాయల వరకు జరిమానా. 20 కిలోలు దాటితే పదేళ్లకు తగ్గదు, ఇరవై ఏళ్ల వరకు వెళ్లవచ్చు, జరిమానా లక్షకు తగ్గదు. అటువంటి కేసులో బెయిలు దొరకడమూ మహా కష్టం. సంచీ చేతిలో దొరికిన తర్వాత అందులో ఏముందో తెలియదని రుజువు చేసుకోవలసిన భారం కూడా చాలావరకు మోసినవాడి మీదే పడుతుంది. సరుకు పంపినవాడు తెర వెనుక ఉంటాడు. పదేళ్లు పోయేది మన పిల్లవాడివి.

మరి పై హద్దు, కింది హద్దుల మధ్య న్యాయమూర్తి దేన్ని చూసి శిక్ష నిర్ణయిస్తారు? దీనికి మన తెలుగునాట నుంచి వెళ్లిన రెండు కేసులు దేశానికంతటికీ దారి చూపాయి. మొదటిది 1974 నాటి ఈడిగ అనమ్మ కేసు. ఒక స్త్రీని, ఆమె బిడ్డను చంపిన నేరం ఆమె మీద రుజువైంది. కింది కోర్టులు ఉరిశిక్ష వేశాయి. సుప్రీంకోర్టులో జస్టిస్ వి.ఆర్.కృష్ణయ్యర్ ఆ నేరపు ఘోరాన్ని తగ్గించి చెప్పలేదు. అదే సమయంలో ఆమె వయసును, అత్తవారింటి నుంచి గెంటివేయబడిన బతుకును, ఆమెకున్న చిన్న కొడుకును కూడా లెక్కలోకి తీసుకుని శిక్షను యావజ్జీవంగా మార్చారు. రెండోది 1977 నాటి మహమ్మద్ గియాసుద్దీన్ కేసు. ఉద్యోగాలు ఇప్పిస్తానని నిరుద్యోగుల దగ్గర డబ్బు గుంజిన కేసు అది. ఇవాళ కూడా కంపెనీ ఉద్యోగమని, రైల్వే ఉద్యోగమని చెప్పి మోసం చేసేవారున్నారు గదా, వారి పాత రూపమే. ఇటువంటి మోసానికి ఏడేళ్ల వరకు శిక్ష వేయవచ్చు. గియాసుద్దీన్‌కు పడిన మూడేళ్ల శిక్షను సుప్రీంకోర్టు 18 నెలలకు తగ్గించింది. ఊరికే తగ్గించి ఊరుకోలేదు. అతని చదువుకు తగిన పని జైల్లో ఇవ్వాలనీ, మనిషి బాగుపడి బయటికి రావాలనీ ఆదేశించింది. నేరాన్ని మాత్రమే కాదు, నేరం చేసిన మనిషిని కూడా చూడాలన్నది ఈ రెండు తీర్పుల సారాంశం.

1980లో బచన్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం మరణశిక్షను అత్యంత అరుదైన కేసులకే పరిమితం చేసింది. ఆ శిక్ష పడినా హైకోర్టు ధ్రువీకరించనిదే అమలు కాదు. ఆపైన క్షమాభిక్ష పెట్టే అధికారం గవర్నరుకు, రాష్ట్రపతికి ఉంది. 1993లో చిలకలూరిపేట దగ్గర బస్సు దహనంలో 23 మంది చనిపోయారు. ఆ కేసులో ఇద్దరికి పడిన ఉరిశిక్షను సుప్రీంకోర్టు ఖాయం చేసినా, 1998లో రాష్ట్రపతి యావజ్జీవంగా మార్చారు.

యావజ్జీవం అంటే పద్నాలుగేళ్లు అని మనలో చాలామంది అనుకుంటారు. అది పొరపాటు. యావజ్జీవం అంటే బతికినంతకాలం. ప్రభుత్వం శిక్ష తగ్గించవచ్చు గాని, హత్య వంటి నేరాల్లో కనీసం 14 ఏళ్లు జైల్లో గడపనిదే విడుదల చేయకూడదు. పద్నాలుగు అన్న అంకె అక్కడి నుంచి వచ్చింది. అది తలుపు తట్టడానికి అర్హత మాత్రమే, తలుపు తెరుస్తారన్న హామీ కాదు. బెంగళూరులోనే జరిగిన స్వామి శ్రద్ధానంద కేసులో ఇది స్పష్టమైంది. 1991లో భార్యను చంపి ఇంటి ఆవరణలోనే పాతిపెట్టిన నేరం అది. 2008లో సుప్రీంకోర్టు అతని ఉరిశిక్షను తప్పించింది గాని, శిక్ష తగ్గింపు ఏదీ లేకుండా ప్రాణం ఉన్నంతకాలం జైల్లోనే ఉండాలని చెప్పింది.

జరిమానాను తేలిగ్గా చూసేవారున్నారు. జరిమానా కట్టకపోతే దానికి బదులు మళ్లీ జైలు ఉంటుంది. అయితే ఆ అదనపు జైలుకు హద్దు ఉంది. నేరానికి చట్టం రాసిన పై హద్దులో నాలుగో వంతు దాటకూడదు. అక్రమాస్తుల కేసులో వి.కె.శశికళకు నాలుగేళ్ల జైలు, పది కోట్ల జరిమానా పడ్డాయి. జరిమానా కట్టకపోతే మరో ఏడాది. 2017 ఫిబ్రవరిలో బెంగళూరు పరప్పన అగ్రహార జైలుకు వెళ్లిన ఆమె 2020 నవంబరులో జరిమానా కట్టారు. 2021 జనవరి 27న విడుదలయ్యారు. నాలుగేళ్లు నిండకముందే ఎలా వచ్చారంటే, అంతకుముందు జైల్లో గడిపిన రోజులను శిక్షలోంచి తీసివేశారు. ఈ సౌకర్యం పేరున్నవారికే కాదు. విచారణ సమయంలో జైల్లో గడిపిన ప్రతి రోజునూ శిక్షలోంచి మినహాయించాలని చట్టమే చెబుతోంది. సామాన్యుడైనా అడిగి తీసుకోవచ్చు.

ఇక అసలు సంగతికి వస్తాను. ‘ఓడినవాడు కోర్టులో ఏడిస్తే, గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడ్చాడు’ అని మన పెద్దలు ఊరికే అనలేదు. 2022 సంవత్సరపు జైళ్ల లెక్కల ప్రకారం దేశంలోని ఖైదీల్లో నూటికి 75 మందికి పైగా శిక్ష పడినవారు కారు, విచారణ జరుగుతున్నవారు. అంటే జైల్లో ఉన్న ప్రతి నలుగురిలో ముగ్గురు ఇంకా దోషులు కారు. చట్ట పుస్తకంలో ఎక్కడా రాయని శిక్ష ఇది. మన సరిహద్దు జిల్లాలవారికి ఇది మరీ దగ్గరి ప్రమాదం. కుప్పం దగ్గరి పల్లె నుంచి కె.ఆర్.పురం వెళ్లి పని చేసుకుంటున్న కుర్రవాణ్ణి ఏదో చిన్న కేసులో పట్టుకున్నారనుకోండి. బెయిలు వస్తుంది. కాని జామీను ఎవరు నిలబడతారు? తండ్రికి పొలం ఉంది, అది కుప్పంలో ఉంది. బెంగళూరులో ఇల్లున్న బంధువు లేడు. బెయిలు కాగితం చేతిలో ఉండి కూడా కుర్రవాడు లోపలే ఉండిపోతాడు.

ఈ చిక్కును సుప్రీంకోర్టు 1978లోనే చూసింది. మోతీరామ్ అనే తాపీ పనివాడి కేసు అది. పదివేల రూపాయలకు జామీను అడిగిన మేజిస్ట్రేటు, అతని అన్నదమ్ముడి ఆస్తి వేరే జిల్లాలో ఉందన్న కారణంతో ఒప్పుకోలేదు. కృష్ణయ్యర్ గారు దాన్ని తప్పుపట్టారు. దూరప్రాంతంలో అరెస్టయిన మలయాళీ, కన్నడిగుడు, తమిళుడు, ఆంధ్రుడు అక్కడ ఆస్తిపరుడైన హామీదారును ఎక్కడ నుంచి తెస్తాడని ప్రశ్నించారు. వెయ్యి రూపాయల సొంత పూచీకత్తు మీద అతణ్ణి విడుదల చేయమన్నారు. కాబట్టి జామీనుదారు ఆస్తి వేరే జిల్లాలోనో, వేరే రాష్ట్రంలోనో ఉందన్న ఒక్క కారణంతో తిరస్కరిస్తే, ఆ తీర్పును వకీలు ద్వారా గుర్తు చేయవచ్చు. బెయిలు హక్కుగా దొరికే చిన్న నేరాల్లో వారం రోజుల్లో జామీను ఇచ్చుకోలేకపోతే, అతణ్ణి పేదవాడిగా భావించి సొంత పూచీకత్తు మీద వదలాలని చట్టంలోనే ఉంది.

ఇంకో ముఖ్యమైన నిబంధన. కొత్త నాగరిక్ సురక్షా సంహిత 479వ సెక్షన్ ప్రకారం, అంతకుముందు ఏ నేరమూ రుజువు కానివాడు ఆ నేరపు పై హద్దులో మూడో వంతు కాలం విచారణ ఖైదీగా గడిపితే బెయిలు ఇవ్వాలి. మిగతావారికి సగం కాలం. అంటే మూడేళ్ల వరకు శిక్ష ఉన్న దొంగతనం కేసులో మొదటిసారి వచ్చినవాడికి ఏడాది చాలు. కోర్టుకు దరఖాస్తు పెట్టే బాధ్యత జైలు సూపరింటెండెంటు మీదే ఉంచారు. ఉరి, యావజ్జీవం పడగల నేరాలకు ఇది వర్తించదు. ఒకటి కంటే ఎక్కువ కేసులు ఉన్నవారికీ వర్తించదు.

చిన్న వయసులో, మొదటిసారి తప్పు చేసినవారికి 1958 నాటి ప్రొబేషన్ చట్టం ఒక అవకాశం ఇస్తుంది. 21 ఏళ్ల లోపు వారి విషయంలో, యావజ్జీవం పడే నేరం కాకపోతే, జైలుకు పంపడానికి తగిన కారణాలు కోర్టు రాయాలి. లేకపోతే మంచి నడవడికకు పూచీకత్తు రాయించుకుని ఇంటికి పంపవచ్చు. సెషన్స్ కోర్టులో అయినా, మేజిస్ట్రేటు విచారించే వారంటు కేసులో అయినా, నేరం రుజువైన తర్వాత శిక్ష ఎంత అన్న దానిపై ముద్దాయి మాట వినాలి. ఆ పూట వయసు, కుటుంబం, అప్పులు, ఆరోగ్యం, చదువు అన్నీ చెప్పుకోవచ్చు. చాలామంది ఆ అవకాశం ఉందని తెలియక తల వంచుకుని నిలబడతారు.

వకీలును పెట్టుకునే స్తోమత లేనివారికి ప్రభుత్వ ఖర్చుతో న్యాయసహాయం దొరుకుతుంది. కస్టడీలో ఉన్నవారు, స్త్రీలు, పిల్లలు, షెడ్యూల్డు కులాలు, తెగలవారు ఆదాయంతో నిమిత్తం లేకుండా దీనికి అర్హులు. 15100 అనే నంబరుకు ఫోను చేస్తే ఎక్కడికి వెళ్లాలో చెబుతారు. కన్నడం రానంత మాత్రాన నోరు కట్టేసుకోనక్కరలేదు. ముద్దాయికి అర్థం కాని భాషలో సాక్ష్యం చెప్పినప్పుడు, అతనికి అర్థమయ్యే భాషలోకి మార్చి వినిపించాలన్నది చట్టంలోని నియమం. అదే విధంగా మీ వస్తువు కుప్పం దగ్గర రైల్లో పోయి, కె.ఆర్.పురంలో దిగాక తెలిసిందనుకోండి. ‘అది మా హద్దు కాదు’ అనే జవాబు ఇక చెల్లదు. నేరం ఎక్కడ జరిగినా ఫిర్యాదు నమోదు చేయాలి. దాని నకలు మీకు ఉచితంగా ఇవ్వాలి.

శ్రోతలారా, శిక్ష గట్టిగా ఉండాలని నష్టపోయినవారు కోరుకోవడంలో తప్పు లేదు. దెబ్బ తిన్నవారి గోడు ముందు వినాలి. వారికి నష్టపరిహారం ఇప్పించే ఏర్పాటు కూడా చట్టంలో ఉంది. కాని దొంగతనానికి దొంగతనం శిక్ష, దోపిడీకి దోపిడీ శిక్ష పడాలి. అన్నిటికీ ఒకే కర్ర ఎత్తకూడదు. నేరం రుజువు కాకముందే జామీను దొరకక జైల్లో గడిపే రోజులు ఎవరికీ న్యాయం చేయవు. నష్టపోయినవారికి అందువల్ల ఒక్క పైసా తిరిగి రాదు. అందువల్ల మీ ఇంట్లోవారికో, పక్కింటివారికో కేసు అంటూ వస్తే కంగారు పడకుండా వకీలును నాలుగు ప్రశ్నలు అడగండి. ఏ సెక్షన్ పెట్టారు? దానికి పై హద్దెంత, కింది హద్దు ఉందా? బెయిలు హక్కుగా వస్తుందా? ఇప్పటికి జైల్లో గడిచిన రోజులెన్ని? ఈ నాలుగింటికీ జవాబులు ఒక కాగితం మీద రాసి పెట్టుకోండి. ఆ కాగితం మీకు వాయిదా వాయిదాకూ పనికొస్తుంది.